కూటమి పంపిన డేరా

గల్ఫ్‌లో ఇబ్రి అనే ఊళ్లో నేను టైల్స్ పని చేసేటప్పుడు మా సైట్‌లో ఒక యెమెనీ మేస్త్రీ ఉండేవాడు. అప్పట్లో కొన్ని దేశాలు కూటమి కట్టి అతని దేశం మీద విమానాలతో బాంబులు వేస్తున్నాయి. ఒక మధ్యాహ్నం అన్నం తింటుండగా అతనికి ఫోన్ వచ్చింది. అన్న ఇంటి మీద బాంబు పడి వదిన చనిపోయింది. అన్న ఒక్కడే మిగిలాడు. వెంటనే వెళదామంటే అక్కడి విమానాశ్రయం మూసేశారు. బాంబులు మోసే విమానాలకే దారి ఉంది.

సాయంత్రం చాయ్ దుకాణంలో టీవీ చూశాం. ఇస్త్రీ యూనిఫామ్‌లో ఉన్న కూటమి అధికారి, తమ గురి తప్పలేదని, ఆయుధాల గోదామునే కొట్టామని చెప్పాడు.

"గోదాము మాట నిజమే," అన్నాడు మేస్త్రీ వచ్చీరాని హిందీలో. "మా అన్న ఉల్లిగడ్డల వ్యాపారి."

ఆ తర్వాత కొన్ని వారాలకు అదే కూటమి ఆ ఊరికి సహాయం పంపింది. అన్నకు ఒక పిండి బస్తా, కొత్త డేరా దొరికాయి.

"ఇల్లు కూలగొట్టినోళ్లే డేరా ఇచ్చిండ్రా? గిదేం న్యాయమే?" అని మా జగిత్యాల రూమ్‌మేట్ నన్ను అడిగాడు.

మేస్త్రీ మాత్రం అన్నకు ఫోన్ చేసి, దాన్ని వేయొద్దని బతిమాలాడు. పైనుంచి చూసేవాళ్లు సైన్యం డేరా అనుకుంటారని అతని భయం. అన్న ఆ మాట విన్నాడు. చలికాలమంతా పొరుగువాళ్ల మేకల కొట్టంలో, మడిచిన డేరాను పరుపుగా వేసుకుని పడుకున్నాడు.