గాడిద వ్యాసంలో ఏడో ఆధారం

భవానీపురంలో మా ఇంటి కింది వాటాలో అద్దెకుండేవాళ్ళకు ఒక పాప ఉండేది. రెండో తరగతి. పసితనం నుంచీ ఆయాసం. చలికాలం వచ్చి కృష్ణ మీద పొద్దున్నే మంచు పరుచుకుంటే, ఆ పిల్ల ఊపిరి మా మెట్ల దాకా వినపడేది. డాక్టరు రోజూ పీల్చమని ఇన్‌హేలర్ ఇచ్చారు. పిల్ల బాగున్నా సరే మానొద్దన్నారు. ఇంట్లో దాన్ని పంపు అనేవాళ్ళు.

తండ్రి మంగళగిరి వైపు ఒక కాలేజీలో కంప్యూటర్ పాఠాలు చెప్పేవాడు. నెమ్మదస్తుడు. ఎవరో చెప్పారని ఏదీ నమ్మే రకం కాదు. తర్వాత నన్ను ఎక్కువ బాధపెట్టిన సంగతి అదే.

ఆ డిసెంబరులో మా వీధికి గాడిద పాలు అమ్మే మనిషి రావడం మొదలుపెట్టాడు. ముందు తల్లి గాడిద, వెనక దాని పిల్ల. గుమ్మం ముందే పితికి చిన్న గ్లాసులో రెండు గుక్కలు పోసేవాడు. ఆయాసానికి మంచిదని పిల్లలకు పట్టించడం మావైపు కొత్తేమీ కాదు. పాప తాగి, మొహం చిట్లించి, మెట్ల మీద పేపరు చదువుతున్న నన్ను అడిగింది.

"తాతా, మరి గాడిదకి ఆయాసం రాదా?"

"నాకు తెలీదే. మీ నాన్ననడుగు."

"అడిగా. నాన్నకీ తెలీదంట. ఫోన్లో చూస్తానన్నాడు."

అతను చూశాడు. వారం దాటాక ఒక సాయంత్రం ఫోను పట్టుకుని పైకొచ్చాడు.

"చూడండి బాబాయిగారూ. వాట్సాప్ సోది కాదిది, ఎన్‌సైక్లోపీడియా."

అంతర్జాలంలో ఎవరైనా రాయగల, ఎవరైనా దిద్దగల విజ్ఞాన సర్వస్వం అది. గాడిద మీద వ్యాసం. గాడిద పాలు ఉబ్బసాన్ని పూర్తిగా తగ్గిస్తాయనీ, వాడుతూ ఉంటే మందుల అవసరం ఉండదనీ ఒక వాక్యం. వాక్యం చివర చిన్న ఏడు అంకె.

"ఆధారం కూడా ఇచ్చారు. మా స్టూడెంట్లకి నేను చెప్పేదీ అదే కదండీ, ఆధారం లేని మాట నమ్మొద్దని."

"పంపు ఆపావా?"

"పాలు మొదలుపెట్టాక ఆపేశాం. అలవాటైతే జన్మలో వదలదంటున్నారు. పిల్ల బానే ఉంది."

డాక్టర్ని అడగమన్నాను. సెలవుల్లో వెళ్తామన్నాడు.

అతను దిగిపోయాక ఆ వ్యాసం తెరిచి మొదటినుంచీ చదివాను. పనికిమాలిన వ్యాసమేమీ కాదు. గాడిద పళ్ళ గురించి, గిట్టల గురించి, అది ఎలాంటి నేలల్లో బతుకుతుందో శుభ్రంగా రాశారు. ఇబ్బందే అది. పది చోట్ల సరిగ్గా ఉన్న రాత పదకొండో చోట మనల్ని ఆగి ఆలోచించనివ్వదు.

ఏడో అంకె నొక్కాను. ఒక దినపత్రిక ఆదివారం రాసిన ఫీచర్ దగ్గరికి తీసుకెళ్ళింది. నేను పనిచేసిన పత్రిక కాదు. అందుకు నాకు ఊరటేమీ కలగలేదు. పాల గురించి అందులో "నిపుణులు చెబుతున్నారు" అని ఉంది. ఏ నిపుణుడో లేదు. డెస్కులో చాలా ఏళ్ళు కూర్చున్నవాడికి తెలుస్తుంది, చెప్పిన మనిషి దొరకనప్పుడు రాసే మాట అది.

అదే ఫీచర్లో గాడిద పిల్లను తొమ్మిది నెలలు కడుపులో మోస్తుందని రాశారు. అక్కడ ఆగాను. గాడిద ఇంచుమించు ఏడాది మోస్తుంది. విజ్ఞాన సర్వస్వంలో ఏడాది అనే ఉంది. మరి ఫీచర్ రాసినవాళ్ళకు తొమ్మిది నెలలు ఎక్కడ దొరికాయి?

ఆ వ్యాసాలకు పాత రూపాలు చూసే వీలుంటుంది. ఒక్కొక్కటీ వెనక్కి తిప్పాను. ఫీచర్ రాకముందే, పేరు లేని ఒకరు తొమ్మిది నెలల సంగతీ పాల సంగతీ పక్కపక్కనే రాసి వెళ్ళారు. ఆధారం ఏదీ ఇవ్వలేదు. ఫీచర్ రాసినవాళ్ళు ఆ రెండూ అదే వరసలో ఎత్తి రాశారు. ఆధారం లేదని గమనించిన మరొకరు ఆ ఫీచర్నే తెచ్చి పాల వాక్యం కింద పెట్టారు. చివరికి తెలిసినవాళ్ళెవరో తొమ్మిది నెలల్ని ఏడాదిగా దిద్దారు. పాల వాక్యానికి అంకె ఉంది కాబట్టి దాని జోలికి పోలేదు.

పత్రికకు వ్యాసం సాక్షి, వ్యాసానికి పత్రిక సాక్షి. మూడో మనిషి లేడు.

వెంటనే కిందికి దిగి చూపించాను. అతనికి రెండోసారి చెప్పనక్కర్లేకపోయింది.

"రాసేదీ మీ పేపరోళ్ళే, కాదనేదీ మీ పేపరోళ్ళేనా బాబాయిగారూ?"

నవ్వుతూనే అన్నాడు. నవ్వు నిలబడలేదు. మర్నాడే పంపు కొనుక్కొచ్చి పాప చేత పీల్పించాడు. డాక్టరు తర్వాత చెప్పారు, ఆపేసిన మందు మళ్ళీ ఒంటికి పట్టడానికి కొన్నాళ్ళు కావాలని. ఆ కొన్నాళ్ళు దొరకలేదు. మంచు బాగా దిగిన ఒక ఉదయం తల్లి కేక విని దిగాను. ఆటోలో పిల్లను ఒళ్ళో వేసుకుని తండ్రి, పక్కన తల్లి, ముందు నేను. దారంతా ఆ ఊపిరి వింటూనే ఉన్నాం. ఆస్పత్రి గేటు దగ్గరికి వచ్చేసరికి వినపడలేదు.

మందు ఆపకపోయి ఉంటే బతికేదా అని తండ్రి అడిగితే, అది ఎవరూ ఖచ్చితంగా చెప్పలేరన్నారు డాక్టరు. దయతో అన్నారో, నిజమే అన్నారో నేను అడగలేదు.

ఆ నెలలోనే ఒక మధ్యాహ్నం ఆ వాక్యం తీసేసి, ఎందుకు తీశానో రాశాను. మర్నాటికి మళ్ళీ వచ్చి కూర్చుంది. "ఆధారమున్న సమాచారాన్ని తొలగించవద్దు" అని పక్కన ఒక ముక్క. మర్యాదగానే రాశారు. చర్చా పేజీలో నేను కనిపెట్టిందంతా వివరంగా పెట్టాను. ఎవరూ పలకలేదు.

తండ్రి నాతో మాట్లాడటం మానేశాడు. తల్లి మాత్రం ఒకరోజు మా గిన్నె తిరిగివ్వడానికి పైకొచ్చింది.

"ఆ పాల ముక్క తీసేశారంటగా బాబాయిగారూ?"

"తీశానమ్మా. మళ్ళీ పెట్టారు."

"ఎవరండీ?"

"తెలీదమ్మా. పేరుండదు."

గిన్నె ఇంకా ఆమె చేతిలోనే ఉంది.

"పోనీ, మా పాప సంగతి దాని కింద రాయండి. చదివినోళ్ళకి తెలుస్తుంది."

"రాసినా ఉంచరమ్మా. ఆధారం అడుగుతారు."

ఆమెకు నా మాట అర్థం కాలేదేమో అనుకున్నాను. అర్థమైంది.

"మేం ఉన్నాం గదండీ" అంది.