బాయిలర్‌కు మైల అంటదు

నీళ్ళ కాక్ మూసింది ఒకరు. పని పోయింది ఇంకొకరికి. మూసిన మనిషి పేరు రిజిస్టరులో ఎక్కడా లేదు. పని పోయిన యాదయ్య పేరు మాత్రం ఉన్నది, దాని పక్కన ‘అశౌచ దోషం వల్ల కార్మికులలో ఆందోళన’ అని కూడా ఉన్నది. ఒక ఫ్యాక్టరీ ప్రమాదాల రిజిస్టరులో, ఇంజనీరింగ్ చదివిన మనిషి చేతిరాతతోటి, ఈ మాట రాసి ఉన్నది. రాసినాయనకు సిగ్గనిపించలేదు. కింద సంతకాలు పెట్టినోళ్ళకు నవ్వు రాలేదు. నాకు మాత్రం ఆ పేజీ యాదికొస్తే ఇప్పటికీ నెత్తి కాలుతది.

1994 జూన్‌ల నేను మేడ్చల్‌లో ఒక మందుల ముడిసరుకు తయారు చేసే కంపెనీల బాయిలర్ అటెండెంటుగా చేరిన. బడి ఏడో తరగతితోటి బందయింది. తర్వాతి చదువంతా బొగ్గు కుప్ప పక్కన కూర్చొని చదువుకున్నదే. ముందు బొగ్గు మోసిన, తర్వాత ఫైర్‌మన్‌నైన, అంటే పొయ్యిల బొగ్గేసేటోణ్ణి. అటెండెంటు కావాలంటే సర్కారు పరీక్ష రాసి సర్టిఫికెట్ తెచ్చుకోవాలె. రెండుసార్లు తప్పిన, మూడోసారి తెచ్చుకున్న. పుస్తకంల ఇంగ్లీషు మాట అర్థం కాకపోతే ఆ పైపు ఎటు పోతున్నదో చేత్తోటి తడుముకుంటూ పోయి అర్థం చేసుకున్న.

బాయిలర్ సంగతి తెలియనోళ్ళ కోసం రెండు ముక్కలు చెప్త. అదొక పెద్ద ఇనుప పీపా. లోపల పొయ్యి, పొగ గొట్టాలు, వాటి చుట్టూ నీళ్ళు. నీళ్ళు గొట్టాల పైదాకా ఉన్నంతసేపు ఏమీ కాదు. నీళ్ళు తగ్గి ఇనుము బయటపడితే ఎర్రగా కాలి మెత్తబడుతది, ఆ తర్వాత పేలుతది. అందుకని లోపల నీళ్ళు ఎంత ఉన్నయో చూపించేటందుకు ముందు భాగంల రెండు గాజు గొట్టాలు పెడతరు. వాటిని గేజ్ గ్లాసులంటరు. మేము బాయిలర్ కండ్లు అనేటోళ్ళం. ఒక్కొక్క గ్లాసుకు ఆవిరి వచ్చేటందుకు పైన ఒక కాక్, నీళ్ళు వచ్చేటందుకు కింద ఒక కాక్ ఉంటయి. కాక్ అంటే చిన్న పిడి ఉన్న కుళాయే. పిడి కిందికి వేలాడుతుంటే తెరిచి ఉన్నట్టు. అడ్డంగా ఉంటే మూసినట్టు. ఈ ఒక్క ముక్క గుర్తు పెట్టుకుంటే తక్కిన కథంతా అర్థమైతది.

1996 దసరా. ఆయుధపూజ నాడు బాయిలర్ చల్లార్చి, కడిగి, గాజుల సగానికి వచ్చేదాక కొత్త నీళ్ళు నింపిన. పూజకు మా జనరల్ మేనేజరు పట్టుపంచె కట్టుకొని వచ్చిండు. జీఎం సారు అనేటోళ్ళం. భక్తి ఎక్కువ మనిషి. దాన్ని నేను తప్పు పట్టను, నాకూ భక్తి ఉన్నది. కండ్లకు బొట్టు పెట్టాలన్నడు. గేజ్ గ్లాసులు మనిషి ఎత్తుకు పైన ఉంటయి కాబట్టి నిచ్చెన తెప్పించి తనే ఎక్కిండు. ఎడమ గ్లాసుకు పసుపు, కుంకుమ దట్టంగా మెత్తిండు. కుడి గ్లాసుకు బంతిపూల దండ వేసిండు. దండ నిలవాలంటే ఏదో ఒక కొక్కెం ఉండాలె కద. వేలాడుతున్న పిడికి దండ నిలవదు. కింది నీళ్ళ కాక్ పిడిని అడ్డంగా తిప్పితే అదే కొక్కెం అయింది.

నేను అప్పుడు హారతి కండ్లకద్దుకుంటున్న. చూడలేదు. ఇది నా తప్పు, ఎవరి మీదా వెయ్యను.

యాదయ్య మా ఫైర్‌మన్. శామీర్‌పేట దిక్కు మనిషి, సైకిల్ మీద వచ్చేటోడు. పూజకు ఆరు రోజుల ముందే వాళ్ళ నాయిన చనిపోయిండు. సెలవు ఇయ్యమంటే మూడు రోజులే ఇచ్చిన్రు. నాలుగో రోజు నుంచి డ్యూటీకి వచ్చి బొగ్గేసిండు. పూజ నాడు మాత్రం లోపలికి రాలేదు. మైలల ఉన్నోణ్ణి, నేను రానన్నా అని చెప్పి గుమ్మం బయటనే నిలబడ్డడు. ప్రసాదం సుత చేతికి తీసుకోలేదు.

పండుగ తెల్లారి ఫ్యాక్టరీ తెరిచిన్రు. నా డ్యూటీ ఎనిమిదింటికి. సర్టిఫికెట్ ఉన్న అటెండెంటు వచ్చి, రెండు గేజ్ గ్లాసులను పరీక్ష చేసినంకనే పొయ్యి ముట్టించాలె. గాజు కింది డ్రెయిన్ కుళాయి తెరిస్తే గాజు ఖాళీ కావాలె, మూస్తే నీళ్ళు ఠక్కున ఎగిరి రావాలె. అదే పరీక్ష. కానీ మందు అర్జెంటుగా పోవాలని, ఐదింటికే ముట్టించమని జీఎం సారు యాదయ్యకు ముందు రోజే చెప్పి పోయిండు. యాదయ్య ముట్టించిండు. ఏడింటికి ఆవిరి తయారైంది, ఫ్యాక్టరీ లోపలికి విడిచిన్రు. ఎడమ కన్ను పసుపుతోటి మూసుకుపోయింది. కుడి కన్నుల నీళ్ళు సగానికి ఉన్నయి. ఉన్నయి కద అని యాదయ్య పంపు వెయ్యలేదు. లోపల నీళ్ళు ఆవిరై పోతనే ఉన్నయి.

నేను వచ్చేసరికి ఎనిమిదికి పది నిమిషాలు తక్కువ. రాంగనే గేజ్ చూసిన. ఆవిరి మీద ఉన్న బాయిలర్ల నీళ్ళు ఎప్పుడూ కొద్దిగ ఆడుతుంటయి. ఇవి ఆడుత లేవు. గాజుల గీసిన గీత లెక్క ఉన్నయి. డ్రెయిన్ తెరిచిన. గాజు ఖాళీ అయింది. మూసిన. ఒక్క చుక్క రాలేదు. అప్పుడు కనిపించింది, దండ కింద అడ్డంగా ఉన్న పిడి. ఇంతసేపు గాజుల కనిపించినయి పూజ నాడు అండ్ల చిక్కుబడ్డ నీళ్ళే.

పొయ్యి గుంజెయ్యి యాదయ్యా అన్న. మండే బొగ్గును కడ్డీతోటి బయటికి లాగమని. యాదయ్య తలుపు తెరిచి లాగుతున్నడు. ఇంతల జీఎం సారు ఉరికొచ్చి పంపు వెయ్యమన్నడు. నేను స్విచ్చికి అడ్డం నిలబడ్డ. ఎర్రగా కాలిన ఇనుము మీద చల్ల నీళ్ళు పడితే ఒక్కసారే ఆవిరై బాయిలర్ లేచిపోతది. ఇది పరీక్షల మొదటి ప్రశ్న. నన్ను రెక్క పట్టుకొని గుంజిండు, నేను జరగలేదు. ఆ గడబిడల ఉండంగనే పొయ్యి కప్పుకు బిగించిన ప్లగ్గు కరిగింది. దాని నడుమ తక్కువ వేడికి కరిగే లోహం పోసి ఉంటది, సరిగ్గ ఇసొంటి గడియ కోసమే. కరగంగనే ఆ బెజ్జం నుంచి ఆవిరి దూకి మంటను ఆర్పింది. తెరిచి ఉన్న తలుపుల నుంచి వేడి బూడిద, ఆవిరి కలిసి బయటికి తన్నింది. యాదయ్య చేతులు రెండూ మోచేతుల దాక కాలినయి.

ఆ పూట డ్యూటీల ఉన్న నలభై మంది బతికిన్రు. మచ్చలు ఒకని చేతులకే మిగిలినయి.

మధ్యాహ్నం అయ్యేసరికి దండ లేదు, పసుపు లేదు, పిడి కిందికి వేలాడుతున్నది. ఎవరు తీసిన్రో ఎవరికీ తెలియదట. మూడో రోజు ఇన్స్‌పెక్టరు వచ్చి కరిగిన ప్లగ్గు చూసి, నీళ్ళు తగ్గడమే కారణం అని రాసుకున్నడు. అది నిజమే. ఎందుకు తగ్గినయో నేను చెప్పిన. చూసిన సాక్షి కావాలన్నడు. పూజ నాడు నిచ్చెన పట్టుకున్న ఇద్దరూ మేం పైకి చూడలేదన్నరు. వాళ్ళకూ పిల్లలున్నరు.

ఇగ కంపెనీల శాంతి పూజ. పంతులును పిలిచి, మొన్నటి పూజల ఏం దోషం జరిగిందో చెప్పమన్నరు. ఎవరింట్లనన్నా అశౌచం ఉన్నదా అని ఆయన అడిగిండు. అందరి కండ్లు ఒకేసారి యాదయ్య ఖాళీ స్టూలు మీదికి పోయినయి. అంతే, తీర్పు అయిపోయింది. నేను తర్వాత ఆ పంతులును పట్టుకొని అడిగిన. ఆయన నా మీదనే నవ్విండు. “నన్ను దోషం చెప్పమన్నరు, చెప్పిన. పైపుల సంగతి అడిగితే నీ పేరు చెప్తుంటి గద, నాకేం తెలుసు పైపులు?” అన్నడు. ఆ మొత్తం కంపెనీల బుద్ధిగల మాట అదొక్కటే.

జీఎం సారు దగ్గరికి పోయిన. మైల చేతులు తాకితే బాయిలర్ చెడిపోయేటట్టయితే, పూజకు ముందు మూడు రోజులు అవే చేతులు బొగ్గేసినయి, అప్పుడెందుకు చెడలేదు అని అడిగిన. ఆయన ఫైలు మూసి నన్ను చూసిండు.

“నీకు దేవుడంటే నమ్మకం లేదా?”

“ఉన్నది కాబట్టే సార్, ఆయన మీద కేసు పెట్టొద్దంటున్న.”

ఆ రోజు నుంచి కంపెనీల నాకు నాస్తికుడని పేరు పడ్డది. క్యాంటీన్‌ల నా పక్కన కూర్చునేటోళ్ళు తగ్గిన్రు. ఒకడైతే, ఈయనకు ఆవిరే దేవుడు, విజిలే మంత్రం అని ఎక్కిరించిండు. నేను రోజూ పొయ్యి తలుపు తెరిచే ముందు ఎల్లమ్మను తలుచుకునేటోణ్ణి. తలుచుకున్నంక గేజ్ పరీక్ష చేసేటోణ్ణి. ఈ రెండిటికీ నా లోపల ఏనాడూ తగువు పడలేదు. నీళ్ళు ఎంత వేడికి మరగాలె, ఆ ప్లగ్గుల లోహం ఎంత వేడికి కరగాలె అనే కట్టడి మనిషి పెట్టింది కాదు. మనిషి కనుక్కున్నడు, అంతే. పెట్టినవాణ్ణే నేను మొక్కుత. ఆ కట్టడి మొక్కితే సడలదు, తిడితే బిగుసుకోదు. కులం అడగదు. ఇంట్ల శవం లేచిందా లేదా చూడదు. చూడకపోవుడే నాకు దేవుని గుర్తు. పిడి అడ్డంగా తిప్పి, నీళ్ళు రాకపోతే దేవునికి కోపమొచ్చిందనుడు భక్తా? చేసిన తప్పు తీసుకపోయి గర్భగుడిల దాచిపెట్టుడు అది. సైన్సు చదవనోడు ఆ మాటంటే ఓర్చుకుంట. ఆవిరి లెక్కలు చదివి పట్టా తీసుకున్న మనిషి అంటే ఎట్ల ఓర్చుకోవాలె?

జీఎం సారు రిజిస్టరుల ఆ దోషం మాట రాసిండు, యాదయ్యను తీసేసిన్రు. ఈ సంగతి మేడ్చల్ అంతా పాకింది. వేరే ఫ్యాక్టరీలల్ల ఫైర్‌మన్ పని అడిగితే, నీ చేతుల మీద బాయిలర్ పోయింది కద అన్నరు. ఊర్లె వాళ్ళవాళ్ళే, నాయిన దినాలు కాకముందే పోయినవు, ముసలాయన ఊకుంటడా అన్నరు. వీటన్నిటికన్న పెద్ద అన్యాయం ఏందంటే, యాదయ్య సుత అదే నమ్మిండు.

నేను వాళ్ళింటికి పోయిన. సీసాకు రబ్బరు గొట్టం పెట్టి, గొట్టం నొక్కిపట్టి సీసాల నీళ్ళు ఒంపి, గొట్టంల నీళ్ళు ఎట్ల నిలిచి ఉన్నయో చూపించిన. శ్రద్ధగనే చూసిండు. చూసి, కట్లు కట్టిన చేతులు ముందుకు పెట్టిండు.

“నువ్వు చెప్పింది నిజమే గావచ్చన్నా. గని గివి నా చేతులే ఎందుకు గాలినయి? ఆ సారువి ఎందుకు గాలలేదు?”

పొయ్యి తలుపు ముందు నువ్వున్నవు కాబట్టి అన్న. ఆయనకు అది జవాబు లెక్క అనిపించలేదు. ఆయన భార్య పోచమ్మ నడుమ కలగజేసుకున్నది. “ఈయనకు గొట్టాల సదువు ఎక్కదన్నా. పిడి తిప్పింది నేనే అని ఆ సారు నోటికెళ్ళి రావాలె. అప్పటిదాంక గీ మనిషి రాత్రిపూట నిద్రవోడు, నన్ను వోనియ్యడు.”

అట్ల నాకొక పని పడ్డది. ప్రతి ఏడు దసరా ముందు జీఎం సారుకు ఒక ఉత్తరం. మొదట్ల కోపంతోటి రాసిన. తర్వాత పటం గీసి, కాక్ కొలతలు వేసి, పుస్తకంల పేజీలు చూపించి రాసిన. రిజిస్టరు దిద్దమని రాసిన. ఒక్కదానికీ జవాబు లేదు. ఆయన రిటైరై కౌకూర్‌ల ఇల్లు కట్టుకున్నంక ఒకసారి స్వయంగా పోయిన. చాయ్ ఇప్పిచ్చిండు. నా మోకాళ్ళ నొప్పి అడిగిండు, మంచి డాక్టరు పేరు చెప్పిండు. కాక్ మాట ఎత్తంగనే సంధ్యావందనానికి టైమైందని లేచిండు. బయట గేటు కాడ నిలబడి నేను ఎంత తిట్టుకున్ననో ఇక్కడ రాయలేను.

2004ల నేనూ రిటైరైన. యాదయ్య అప్పటికి నాగారంల ఒక రెడ్డిగారి ప్లాట్ల వెంచర్ కాడ వాచ్‌మన్. దసరా వస్తే చాలు, ఏ పనిముట్టునూ ముట్టకపోతుండె. తాళంచెవులు సుత పోచమ్మతోటి పట్టిస్తుండె. అది చూసి, మరుసటేడు ఆఖరి ఉత్తరం రాసిన. కొలతలు లేవు, పటం లేదు. ‘రిజిస్టరు దిద్దమని అడుగుత లేను. ఎవరినీ శిక్షించమని అడుగుత లేను. యాదయ్య తన చేతులను తనే నమ్ముత లేడు. ఆ రోజు పూజల ఎవరు ఏది ముట్టిన్రో మీకు తెలుసు. రాయండి’ అని అంతే.

ఈ తొమ్మిదేండ్ల పని నాకు నేర్పింది ఇది. మూఢనమ్మకం చదువు లేకపోవుడు వల్లనే వస్తదని నేను అనుకునేటోణ్ణి. తప్పు. తెలిసి కూడా దాని చాటుకు పోయేటోళ్ళున్నరు. తెలియనోనికి సీసా, గొట్టం పెట్టి చూపించొచ్చు. తెలిసినోనికి చూపించేటందుకు ఏ పనిముట్టూ లేదు, వాని నోరు వానికే తెరుచుకోవాలె.

ఇరవై రోజులకు జవాబు వచ్చింది. నాగారం తీసుకపోయి వెంచర్ గేటు కాడ కూర్చొని చదివిన. యాదయ్య మళ్ళొకసారి చదవమన్నడు. తర్వాత కాయితం అడిగి తీసుకొని, నన్ను నకలు రాసుకోనిచ్చి, అసలుది తన అంగీ జేబుల పెట్టుకున్నడు. నా నకలుల ఉన్నది ఉన్నట్టు:

“మీ ఉత్తరాలన్నీ అందాయి. మీరు రాసిందే నిజం. దండ నిలవడం కోసం ఆ హ్యాండిల్ అడ్డంగా తిప్పింది నేనే. ప్రమాదం జరిగిన పూటే ఆ సంగతి నాకు అర్థమైంది. అమ్మవారి పేరున వేసిన దండ వల్ల ఇలా జరిగిందంటే ఎవరూ పూజకు రారని భయపడ్డానని ఇన్నాళ్ళూ నాకు నేను చెప్పుకున్నాను. అసలు భయం నా ఉద్యోగం గురించే. పూజ రోజు యాదయ్య దేన్నీ ముట్టుకోలేదు. గుమ్మం బయటే నిలబడ్డాడు. నిచ్చెన మీద నుంచి నేను చూశాను.”