రోహిణి వెళ్లేదాకా

భూమి మీద జమీందారీ పోయింది గానీ కాలం మీద జమీందారీ ఇంకా పోలేదని నేను చాలా సభల్లో అన్నాను. పెళ్లికి ఆ ముహూర్తాలు పెట్టేవాళ్లనే అడగాలి, బోరు వేయడానికి వాళ్లనే అడగాలి, కొత్త బండి షోరూమ్ గడప దాటడానికీ వాళ్లనే అడగాలి. సూర్యుడు అందరికీ ఒకేలా ఉదయిస్తుంటే, ఈ గంట మంచిది, ఆ గంట చెడ్డది అని కంచెలు వేసి శిస్తు పుచ్చుకునే హక్కు వీళ్లకెవరిచ్చారు? నర్సీపట్నంలో ఈ మాట అన్నప్పుడల్లా చప్పట్లు పడేవి. చప్పట్లు కొట్టినవాళ్లే మర్నాడు మా వెనక వీధిలో సిద్ధాంతిగారి అరుగు మీద కూర్చునేవారు. నేను మాత్రం ఆ అరుగు ఎన్నడూ ఎక్కలేదు.

ఎక్కవలసి వచ్చిన రోజు గురించి చెబుతాను.

మా చెల్లెల్ని రోలుగుంట దగ్గర జీడితోటలున్న ఇంటికిచ్చాం. ఆమె కూతురు తొలికాన్పుకి పుట్టింటికి వచ్చింది. నొప్పులు మొదలవగానే నర్సీపట్నం తీసుకొచ్చి ఒక ప్రైవేటు ఆస్పత్రిలో చేర్చారు. అల్లుడు విశాఖపట్నంలో బస్సెక్కాడు. మధ్యాహ్నం నేను వెళ్లేసరికి డాక్టరమ్మ వరండాలో నిలబడి ఉంది.

"బిడ్డ గుండె వేగం పడిపోతోందండీ. వెంటనే ఆపరేషన్ చేయాలి. వీళ్లు సంతకం పెట్టటం లేదు. మీరైనా చెప్పండి."

లోపలికి వెళ్లాను. నా మేనకోడలు మంచం కమ్మీ పట్టుకుని ఉంది. "అమ్మ పెట్టమంటేనే పెడతాను మావయ్యా. తమ్ముడికేటైనా అయితే నాను బతికినా ఒకటే, సచ్చినా ఒకటే," అంది.

చెల్లెలు నన్ను పక్కకి లాగింది. "సాయంత్రందాకా రోహిణుందంట అన్నయ్యా. రోహిణిలో పుడితే మేనమామకి గండం. ఆడు సూస్తే పాయకరావుపేట నుంచి బండి మీద వస్తన్నాడు. ఆ రోడ్డంతా లారీలే. ఫోనెత్తట్లేదు."

పుట్టబోయే బిడ్డకి మేనమామ అంటే ఆమె కొడుకే. కడుపుతో నలిగిపోతున్న కూతురు ఒక పక్క, లారీల మధ్య వస్తున్న కొడుకు ఇంకో పక్క. అది చూసి కూడా నేను నా విద్యంతా బయటికి తీశాను. పురాణంలో రోహిణిలో పుట్టిన దేవుడి మేనమామ పసిపిల్లల్ని చంపాడు, మీవాడు చీమనైనా తొక్కలేదు, వాడికెందుకు గండం అన్నాను. ఆ నక్షత్రం ఎంత దూరంలో ఉందో, దాని వెలుగు ఎప్పుడు బయల్దేరిందో చెప్పాను.

"నీకు కొడుకుల్లేరు. ఎన్నయినా సెప్తావు," అంది చెల్లెలు.

తర్కం వదిలేసి అడిగాను.

"రోహిణి సంగతి నీకెవరు చెప్పారు?"

"ఇంకెవరు? సిద్ధాంతిగారే. పొద్దున్న ఫోన్ సేసి అడిగాను."

స్కూటర్ తీశాను.

సిద్ధాంతిగారు భోజనం చేస్తున్నారు. నన్ను గుమ్మంలో చూసి, "ఏమండీ మాస్టారూ, శిస్తు కట్టడానికొచ్చారా?" అన్నారు. నా ఉపన్యాసాలు ఆయనదాకా చేరుతూనే ఉన్నాయన్నమాట.

"ముహూర్తం కావాలండీ. ఈ క్షణంలోనే కావాలి," అని సంగతంతా చెప్పాను.

ఆయన చేతిలో ముద్ద విస్తట్లో పడేశారు. "రోహిణి ఎందాకా ఉందండీ అని అడిగింది. సాయంత్రందాకా అన్నాను. ఎందుకమ్మా అని అడగలేదు నేను. ఫోన్ మీద ఫోన్... అయినా అడగొద్దూ?"

"ఆపరేషన్ చేయించొచ్చని ఇప్పుడు ఫోన్లో చెప్పేయండి."

"మీరు పక్కనుండి చెప్పించారనుకుంటుంది. పదండి." చెయ్యి కడుక్కుని, చొక్కా కూడా వేసుకోకుండా కండువా కప్పుకుని నా వెనక ఎక్కారు.

బజారులో టీకొట్టు దగ్గర, నా సభలకి తప్పకుండా వచ్చే ఒకతను మమ్మల్ని చూసి అరిచాడు. "మాస్టారూ, పార్టీ మార్సీసారేటి?"

"మారింది నేనయ్యా! బేగి దారియ్యి!" అన్నారు వెనకనుంచి సిద్ధాంతిగారు.

ఆస్పత్రిలో ఆయన చెల్లెలి ఎదుట నిలబడ్డారు. "శాంతి ఉందమ్మా. మేనమామ మొదట నూనెలో బిడ్డ నీడ చూసి, తర్వాత ముఖం చూడాలి. అంతే. సంతకం పెట్టించు."

"ఆడు వచ్చీలోపు రోడ్డు మీద ఏటైనా అయితేనండీ?"

నేను నోరు తెరవబోయాను. ఆయన నా వైపు చూడకుండానే చెయ్యి అడ్డం పెట్టి, రెండో చెయ్యి చెల్లెలి ముందు చాపారు. "నీ కొడుక్కి రావలసిన దోషం నాకు ధారపొయ్యి. నేను పుచ్చుకుంటున్నాను. ఆ నీళ్ల సీసా తియ్యి."

చెల్లెలు సీసా మూత తీసి ఆయన అరచేతిలో నీళ్లు పోసింది. సగం నేల మీద పడ్డాయి. తర్వాత కూతురి దగ్గరికి పరిగెత్తింది.

లోపలి తలుపు మూశారు. పొద్దున్న ఈ పిల్లకి అడ్డుపడిందీ ఆయన మాటే, ఇప్పుడు దారిచ్చిందీ ఆయన మాటే. ఒక డాక్టరు చదువు ఒక పంచాంగం అనుమతి కోసం వరండాలో నిలబడటం సిగ్గుచేటని ఆవేళా అనుకున్నాను, ఈవేళా అంటున్నాను. కానీ గండం లేదు పొమ్మని నేను అనడం తేలిక. నా లెక్కలో గండమే లేదు గనక. ఆయన లెక్కలో ఉంది. ఉన్నదాన్ని చెయ్యి చాపి పుచ్చుకున్నారు.

ఆడపిల్ల పుట్టింది. కాసేపు ఏడవలేదు, తర్వాత వరండా అదిరేలా ఏడ్చింది.

"భోజనం మధ్యలో లేచారు, దింపేస్తాను రండి," అన్నాను.

"కుర్రాణ్ణి రానీండి." ఆయన గేటుకి ఎదురుగా బెంచీ మీద కూర్చున్నారు. మోటార్‌సైకిల్ చప్పుడైనప్పుడల్లా తలెత్తారు.

మా మేనల్లుడు హెల్మెట్ చేత్తో పట్టుకుని వచ్చాడు. తల్లి వాణ్ణి కౌగలించుకుని, ఫోనెత్తనందుకు వీపు మీద ఒకటి వేసింది. స్టీలు గిన్నెలో నువ్వులనూనె పోసి నన్ను పట్టుకోమంది. పట్టుకున్నాను. నూనెలో ఆ చిన్న ముఖం చూసి వాడు, "అచ్చం అక్కలాగే ఉందే!" అని నవ్వాడు.

సిద్ధాంతిగారిని ఇంటికి దింపడానికి బయల్దేరాను. వచ్చేటప్పుడు బేగి అన్న మనిషి ఇప్పుడు నెమ్మదిగా పోనిమ్మన్నారు. నా భుజం మీద ఆయన చెయ్యి బిగుసుకుపోయి ఉంది.

"మీకేమీ కాదండీ," అన్నాను.

"కాదని మీకు తెలుసు మాస్టారూ. నాకు తెలీదు కదా."

ఎదురుగా చెరకు లారీ వస్తోంది. బండి రోడ్డు కిందికి దింపి, అది పూర్తిగా వెళ్లిపోయేదాకా ఆపే ఉంచాను.