ఏడికి పోదక్కా

నాచారంలో కంప్యూటర్లు బాగుచేసే ఒకతను ఉండేవాడు. ఎవరు ఏం తెచ్చినా ముందు చొక్కా అంచుతో తుడిచి, "ఏడికి పోదక్కా, అండ్లనే ఉంటది" అనేవాడు.

మా బిడ్డ చనిపోయిన ఏడాదికి, తను ఆడుకున్న ఆట సీడీ పట్టుకుని వెళ్లాను. మా కొత్త ల్యాప్‌టాప్‌లో సీడీ పెట్టే చోటే లేదు. ఈ వయసులో పాత కంప్యూటర్ మీద ఇంగ్లీషు అక్షరాలు నేర్చుకుంటూ నేను మొదట చదివింది, ఆ ఆటలో తను టైపు కొట్టుకున్న తన పేరే. దాన్ని మళ్లీ చూడాలనిపించింది.

అతను ఆటను పెన్‌డ్రైవ్‌లోకి ఎక్కించి నా ల్యాప్‌టాప్‌లో పెట్టాడు. పాత సంగీతమే మోగింది. పేరు ఉండాల్సిన గడి మాత్రం ఖాళీగా ఉంది.

"బిడ్డ పేరేది తమ్మీ?"

"సీడీల ఆట ఒక్కటే ఉంటదక్కా. పేరు, ఆడినయన్ని పాత కంప్యూటర్లనే ఉంటయి. అదేది?"

"తుక్కు కింద అమ్మేసినం."

అతను ఆ సీడీని తుడుస్తూ కూర్చున్నాడు. కాసేపటికి ల్యాప్‌టాప్ నా వైపు తిప్పి, "మీరే కొట్టున్రి" అన్నాడు. ఒక్కో అక్షరం వెతికి కొట్టాను. పేరు పక్కన స్కోరు సున్నా అని వచ్చింది.

తర్వాత కూడా ఉప్పల్‌లోని మా ఇంటి నుంచి ఆ దుకాణానికి వెళ్లేదాన్ని. ఎవరితోనో "ఏడికి పోదక్కా" అనబోతూ, గుమ్మంలో నన్ను చూసి ఆగిపోయేవాడు.