విలేకరులు రాని ప్రెస్‌మీట్

పోయిన ఆదివారం పొద్దున మానుకోట దవాఖానలో అన్న పోయారు. గుండెనొప్పి. కబురు మా విలేకరుల వాట్సాప్ గ్రూపులో వచ్చింది. కింద వరసగా చేతులు జోడించిన బొమ్మలు పడ్డాయి. నేనూ ఒకటి పెట్టాను. పెట్టాక సిగ్గేసింది.

ఆయన నాకు సొంత అన్న కాదు. మా మండలానికి ఇరవై ఏళ్లకు పైగా విలేకరి. ఆయన బండి వెనక కూర్చుని తిరిగి ఆ పని నేర్చుకున్నవాణ్ణి నేను. వార్త రాసి, కవరులో పెట్టి వరంగల్ బస్సు డ్రైవర్ చేతికిచ్చే కాలం అది. ఇచ్చాక బస్సు మలుపు తిరిగేదాకా అక్కడే నిలబడేవారు.

"ఇంక ఏం సూస్తున్నవే అన్నా?" అని అడిగితే, "ఏదన్న తప్పు రాసిన్నని యాదికొస్తే ఉరికి ఆపొచ్చు గద తమ్మీ" అనేవారు. ఒకసారి నిజంగానే ఉరికారు. చెప్పు తెగింది, బస్సు ఆగింది.

"రాస్తే కాదు తమ్మీ, కుర్చీల కూసుంటెనే పనైతది" అని చివరికి జడ్పీటీసీకి నిలబడ్డారు, గెలిచారు. గెలిచాక పెట్టిన మొదటి ప్రెస్‌మీట్‌లో అలవాటు కొద్దీ వచ్చి మా వరసలో కూర్చున్నారు. నోట్‌బుక్కు తెరిచి, పెన్ను మూత పళ్లతో తీశారు. మైకు ముందు ఎవరూ లేరు. "అన్నా, మాట్లాడేది నువ్వేనే" అంటే ఉలిక్కిపడి లేచారు. మేం కడుపుబ్బ నవ్వాం. ఆయన మాత్రం నవ్వలేదు.

తర్వాత ఆయన ఎటూ కాని మనిషయ్యారు. నాయకుల్లో కలవలేకపోయారు. మా దగ్గరకొచ్చి కూర్చుంటే, లీడరొచ్చాడని మేమే మాటలు ఆపేసేవాళ్లం. టీ తాగి, కాసేపు చూసి, లేచి వెళ్లిపోయేవారు.

కొత్తగూడ వైపు అడవిలో ఒక గూడెం ఉంది. దానికి రోడ్డు వేయిస్తానని ఆయన శంకుస్థాపన చేశారు. ఆ వార్త ఫొటోతో సహా రాసింది నేనే. పైసలు మంజూరయ్యాయా అని ఒక్క మాట అడగలేదు. మా అన్న కదా, ఎట్ల అడుగుతాను? రోడ్డు పడలేదు. రెండోసారి ఆయన ఓడిపోయారు. ఇంటి ముందు బండ్లు ఆగడం మానేశాయి.

నెల కిందట అందరికీ ఆయనే ఫోన్ చేశారు. "రేపు జర రాండ్రి తమ్మీ. ఒక్క ముచ్చట చెప్పేదుంది" అన్నారు. మళ్లీ టికెట్ గోలే అనుకున్నాం. "వస్త అన్నా" అన్నాను. పోలేదు. ఎవరూ పోలేదు.

మర్నాడు సాయంత్రం ఆయన చేతిరాతలో ప్రెస్‌నోటు నా ఫోనుకొచ్చింది. మంజూరు కాకముందే ఓట్ల కోసం గూడెంలో రాయి పాతించానని, తప్పు తనదేనని, గూడెం ప్రజలు క్షమించాలని రాశారు. చివరి వాక్యం: "ఈ సమావేశానికి విలేకరులెవరూ హాజరు కాలేదు."

నేను దాన్ని పత్రికకు పంపలేదు. పంపితే నా పాత వార్త సంగతీ బయటపడుతుంది. ఆయన ఒప్పుకున్న తప్పులో సగం నాది. ఆ సగాన్ని దాచుకోవడానికి ఆయన మాటను కూడా దాచేశాను. ఎందుకు పంపలేదని ఆయన అడగలేదు. అడిగి ఉంటే బాగుండేది.

అంత్యక్రియల రోజు ముసురు పట్టింది. పార్టీవాళ్లు దండ వేసి, ఫొటో దిగి పోయారు. వాకిట్లో కుర్చీలన్నీ ఖాళీ. ఇరవై ఏళ్లు ఊరందరి కష్టం రాసిన మనిషి దగ్గర పట్టుమని పదిమంది లేరు. మధ్యాహ్నానికి గూడెం నుంచి ఆడవాళ్లు నడిచి వచ్చారు. మోకాళ్ల దాకా బురద. తిట్టడానికే వచ్చారేమో అనుకున్నాను. అందరికంటే పెద్దామెకు ఎదురుపోయాను.

"అవ్వా, రోడ్డు సంగతి అన్న తప్పొప్పుకున్నడే. పేపర్ల రాలే. నేనే ఎయ్యలే."

"మాకెర్కనే బిడ్డా. పేపరోళ్లు రాలేదని తానే వచ్చిండు. వానల ఒక్కడే నడుసుకుంట వచ్చి, ఇంటింటికి తిరిగి చెప్పిపోయిండు."

లోపలి నుంచి వదిన ఏడుస్తూనే వాళ్లకు కాళ్లు కడుక్కోను బిందెతో నీళ్లు తెచ్చింది.

"వద్దు బిడ్డా. మల్ల గా తొవ్వలనే పోవాలె గద" అంది అవ్వ. ఆ బురద కాళ్లతోనే పోయి ఆయన పక్కన నేల మీద కూర్చున్నారు.