టేపు మామ మూతి కొలత

టేపు మామ మెడలో కొలతల టేపు లేకుండా చూసినవాళ్లు ఆ వీధిలో లేరు. స్నానానికి వెళ్లేటప్పుడైనా తీస్తాడో లేదో అతని భార్యే చెప్పాలి. కుట్టుపనిలో చెయ్యి తిరిగినవాడు, కోపం మాత్రం ముక్కుమీదే ఉంటుంది. మనిషికి వంక పెడితే నవ్వి ఊరుకుంటాడు గానీ కుట్టుకు వంక పెడితే ఊరుకోడు.

అలా వంక పెట్టగలిగిన మనిషి లోకంలో ఒక్కతే ఉంది, అతని అక్క. తల్లి పోయాక ఇతన్ని పెంచిందీ, మిషను తొక్కడం నేర్పిందీ ఆవిడే. అయినా తమ్ముడు ఏం కుట్టిచ్చినా బకెట్లో ముంచి, ఉతికి, ఆరేసి గానీ ఒంటిమీద వేసుకోదు. "మిషను నూనె కంపురా," అంటుంది. "నా చేతి కుట్టంటే నీకంత అసహ్యమా?" అని ఇతను అలుగుతాడు. తను కుట్టిన జాకెట్టు బకెట్లో కనిపించిందంటే చాలు, వారం దాకా ఆ ఇంటి గడప తొక్కడు.

కరోనా వచ్చిన ఏడాదే అక్కకు కిడ్నీలు పాడై డయాలసిస్ మొదలైంది. ఇల్లు కదలకుండా కూర్చుందామంటే కుదరదు, ఆస్పత్రికి వెళ్లి తీరాలి. ఆ ఒంటికి ఈ జబ్బు కూడా తగిలితే తట్టుకోవడం కష్టమని డాక్టరు చెప్పినప్పటి నుంచి టేపు మామకు కంటిమీద కునుకు లేదు. చేతిలో ఉన్న పనులన్నీ పక్కన పడేసి, మెత్తటి నూలు గుడ్డతో మూడు పొరల మాస్కులు కుట్టాడు. అక్కకూ, ఆస్పత్రిలో ఆవిడ పక్క మంచాల వాళ్లకూ కలిపి.

కొలత సరిచూడనిదే ఏ బట్టా అతని కొట్టు దాటదు. చొక్కాలకైతే కొయ్యబొమ్మ ఉంది. దానికి తల లేదాయె, మాస్కు ఎక్కడ తగిలిస్తాడు? అందుకని ప్రతి మాస్కూ తన మూతికే తగిలించుకుని, అద్దంలో చూసుకుని, జారుతుందో లేదోనని గట్టిగా నాలుగు మాటలు మాట్లాడి, అప్పుడు మడిచి సంచిలో పెట్టాడు. ఎంత జాగ్రత్తపరుడో చూడండి! సంచిని అక్క ఇంటి గుమ్మంలో పెట్టి, దూరం నుంచే చెయ్యూపి వచ్చేశాడు.

మర్నాడు పొద్దున్నే గొంతు గరగర, ఒళ్లు పెనంలా కాలిపోతోంది. పై వాటాలో ఉండే ఆస్పత్రి నర్సమ్మ మాస్కు, గ్లౌజులు వేసుకుని వచ్చి పరీక్ష చేసింది. కరోనాయే.

"నిన్నటిదాకా గుండ్రాయిలా ఉన్నాను కదమ్మా!" అన్నాడు టేపు మామ.

"అదే దీని దొంగబుద్ధి మామయ్యా. కరోనా వైరస్‌లలో చాలా రకాలున్నాయి, కొన్ని జలుబు తెప్పించి పోతాయి. ఇది కొత్తది, మన ఒంటికి అలవాటు లేదు. జ్వరం బయటపడక ముందే మన మాటతో, ఊపిరితో బయటికొచ్చేస్తుంది. తలుపులు మూసిన గదిలో పొగలా నిలిచిపోతుంది. కిటికీలు తెరిచి, మీరొక గదిలో విడిగా ఉండండి. మీరూ అత్తయ్యా ఇద్దరూ మాస్కులు తియ్యొద్దు. చేతులు సబ్బుతో రుద్ది కడగండి, దాని పైపొర కొవ్వే కాబట్టి సబ్బుకి చెదిరిపోతుంది. ఆయాసం వస్తే మాత్రం వెంటనే పిలవండి."

ఇందులో సగం టేపు మామ చెవికెక్కలేదు. జ్వరం బయటపడక ముందే, అన్న మాట దగ్గరే ఆగిపోయాడు.

"ఒకరు పెట్టుకున్న మాస్కు ఇంకొకరు పెట్టుకుంటే?"

"అయ్యో, అలా ఎవరైనా చేస్తారా!" అంది నర్సమ్మ.

అక్క ఆస్పత్రికి వెళ్లే రోజు అదే. అక్కకు ఫోన్ చేశాడు. ఎత్తలేదు. మళ్లీ చేశాడు, మళ్లీ. తల్లిలా పెంచిన అక్కకు తన చేతులతోనే చావు కుట్టిచ్చానని వెక్కివెక్కి ఏడుస్తుంటే, అప్పుడెత్తింది.

"ఏంట్రా ఇన్నిసార్లు? బయల్దేరుతుంటే!"

"అక్కా, మాస్కు తీసెయ్యి! నేనిచ్చినవన్నీ నా మూతికి పెట్టుకుని చూశాను. నాకు కరోనా వచ్చింది."

అవతల చేతిసంచి కిందపెట్టిన చప్పుడైంది.

"అక్కా!"

"నీకు ఆయాసం గానీ ఉందా?"

"నా సంగతి తర్వాత. మాస్కులేవి?"

"దండెం మీదున్నాయి. నిన్న నువ్వటు తిరగ్గానే అన్నీ సబ్బునీళ్లలో ఉడకబెట్టి ఆరేశాను. ఇప్పుడు పెట్టుకున్నది ఆస్పత్రివాళ్లిచ్చింది." గొంతు తగ్గించింది. "నువ్వు మళ్లీ అలుగుతావని చెప్పలేదురా."

టేపు మామ ఏడుపులోనే నవ్వాడు, నవ్వులోనే దగ్గాడు. "ఉతుక్కో అక్కా. ఇకమీద నేనేం కుట్టినా ఉతుక్కో."

"కుట్టడానికి ముందు నువ్వు లేచి కూర్చోరా," అంది అక్క. ఈసారి ఏడ్చింది ఆవిడ.

లేచి కూర్చున్నాడు, కాస్త ఆలస్యంగానే. కోలుకున్నాక మొదట కుట్టింది అక్క జాకెట్టే. కుట్టి, తనే ఉతికి, ఆరేసి, ఇస్త్రీ చేసి మరీ పట్టుకెళ్లాడు. అక్క దాన్ని అందుకుని, వాసన చూసి, అతని కళ్ల ముందే బకెట్లో పడేసింది.

నీళ్లు టేపు మామే పోశాడు.