గోదావరి ఒడ్డున నా వంతు

మా ఆయన బొగ్గు ఓపెన్‌కాస్ట్ గనిలో డంపర్ నడిపేవాడు. షిఫ్టంతా ఇంజను మోత. ఇంటికొస్తే టీవీ, పిల్లల గోల, కొత్తగా కొన్న సెల్‌ఫోన్. నేనేం చెప్పినా "ఆఁ?" అనేవాడు. మళ్లీ చెబితే విసుక్కునేవాడు.

ఒక ఎండాకాలం, డ్యూటీ దిగి అన్నం తినగానే సైకిలెక్కి ఎటో పోవడం మొదలుపెట్టాడు. ఫోను టీవీ మీదే వదిలేసేవాడు. పొద్దుగూకాక తిరిగొచ్చేది వేరే మనిషి. పాప పలక చూపిస్తే అక్షరం అక్షరం చూసేవాడు. నా మాట మొదటిసారికే వినేవాడు. సంతోషపడాల్సింది పోయి నాకు కడుపు మండింది. ఇన్నేళ్లూ నా వల్ల కానిది ఎవరి వల్ల అయింది?

"మీ ఆయన గోదారి బ్రిడ్జి దిక్కు వోతుంటే మా ఆయన జూసిండు చెల్లే. మొగోడు ఫోన్ ఇడిశి పోతుండంటే ఏదో ఉన్నట్టే" అంది పక్క క్వార్టర్ అక్క.

మరునాడు పిల్లల్ని ఆమెకు అప్పజెప్పి ఆటోలో వెళ్లాను. బ్రిడ్జికి కాస్త దూరంలో, తుమ్మచెట్టు నీడన ఒక్కడే కూర్చుని ఉన్నాడు. చాలాసేపు దూరం నుంచే చూశాను. ఎవరూ రాలేదు. నీళ్లలో కొంగ ఒక అడుగు వేస్తే, ఆయన చూపూ దాని వెంటే కదిలేది. నన్ను అలా చూసి ఎన్నాళ్లయింది? ఆడమనిషైతే జుట్టు పట్టుకుని కొట్లాడేదాన్ని. కొంగతో ఏం కొట్లాడను?

దగ్గరికి పోయి నిలదీశాను. "ఏమున్నది గీడ, ఇంట్ల లేనిది?"

ఉలిక్కిపడ్డాడు. "ఏం లేదే. ఊకె కూసుంటే బండి మోత తలకాయలకెల్లి పోతది. గప్పుడు మీ మాటలు ఇనవడ్తయ్."

"మరి నా తలకాయల మోత? పొద్దుగాల లేస్తే కుక్కరు, టీవీ, పిల్లలు. నన్నెవలు కూసుండనిస్తరు?"

"రేపు నువ్వు రా. పిల్లల్ని నేన్ జూస్త" అన్నాడు.

వెళ్లాను. మొదట నిమిషం కూడా కుదురు లేదు. గ్యాస్ కట్టేశానా, పాప ఏడుస్తోందా అని ఒకటే ఆలోచన. లేచి వచ్చేద్దామనుకుంటుంటే ఒడ్డున చిన్న చేపల గుంపు కనిపించింది. అన్నీ ఒక్కసారే మలుపు తిరుగుతున్నాయి. వాటినే చూస్తూ ఉండిపోయాను. కాళ్లు తిమ్మిరెక్కాకే ఇల్లు గుర్తొచ్చింది.

"ఏం జూసినవ్?" అని ఆయన ఆశగా అడిగాడు.

"ఏమున్నయ్, నీళ్లే" అన్నాను. చేపల సంగతి చెప్పబుద్ధి కాలేదు.

అప్పటినుంచి వంతులు వేసుకున్నాం. ఆయన వంతు రోజున మాత్రం, ఆ చేపలు ఆయన కంట ఎక్కడ పడతాయోనని వంట చేస్తూ ఉడుక్కునేదాన్ని.